నిద్దర గెడ్డలో పెళ్లి పడవ

మారిషస్‌లో ఏం చూశావని అడిగినవాళ్లకల్లా సముద్రపు నీళ్లు తాగి వచ్చానని చెబుతున్నాను. "అయ్యో, ఓడ మునిగిందా?" అని కంగారు పడుతున్నారు. ఓడకేం కాలేదు. గట్టున గొంతుక్కూర్చుని, కుండతో ముంచుకుని, కడుపునిండా తాగాను. కొబ్బరినీళ్లంత తీపి కాకపోయినా మా పెరటి నూతి నీళ్లకంటే చాలా నయం. ఇలా చెబితే మా రేవులో ఒక్కరూ నమ్మడం లేదు. అందుకని మొదటినుంచీ రాస్తున్నాను. నమ్మనివాళ్లు ఓడెక్కి వెళ్లి స్వయంగా రుచి చూసి రావచ్చు.

నేను భీమునిపట్నం రేవులో బియ్యం ఎగుమతి చేసే ఒక షావుకారు దగ్గర గుమాస్తాను. మా వైపు జనం కూలికి రంగం, అంటే రంగూన్, వెళతారు, మోరీసు వెళతారు. మారిషస్‌ని మేము మోరీసు అనే అంటాం. వెళ్లినవాళ్లలో తిరిగొచ్చేది కొద్దిమందే. అలా తిరిగొచ్చిన ఒక ముసలాయన కిందటేడు మా ఇంటిపేరు వాకబు చేసుకుంటూ వచ్చి, అరుగుమీద కూర్చుని, మజ్జిగ తాగి, "మీ మేనత్త పైడమ్మ బాగున్నాది బాబూ. మీకు కబురు సెప్పమన్నాది" అన్నాడు.

నాకు పైడమ్మ అనే మేనత్త ఉండేదని తెలుసు. నేను పుట్టకముందే పోయిందనీ తెలుసు. ఇప్పుడీ మనిషి ఆవిడ బతికే ఉందంటున్నాడు. మా నాన్న కాలం చేసి అప్పటికి కొంతకాలమైంది. నేను అమ్మవైపు చూశాను. అమ్మ ముఖంలో ఆశ్చర్యం లేదు. నన్ను ఆశ్చర్యపరిచింది అదే.

కబురు ఇదీ. పైడమ్మత్త మనవరాలు మంగకి మాఘమాసంలో పెళ్లి. మంగ తండ్రి, అంటే నాకు బావ వరసయ్యేవాడు, చలిజ్వరంతో పోయాడు. తల్లీ లేదు. పిల్లను ఎత్తుకెళ్లి పీటలమీద కూర్చోబెట్టడానికి మేనమామ వరసైనవాడు ఆ దీవి మొత్తంలో ఒక్కడు లేడు. పుట్టింటినుంచి ఎవరైనా వస్తారా అని అత్త అడిగిందట.

ముసలాయన వెళ్లాక అమ్మ నోరు విప్పింది. కరువు రోజుల్లో అత్త వేరే కులం బండివాడు ఒకతనితో కూలీల డిపోకి వెళ్లి, ఓడెక్కేసింది. ఆ తర్వాత మా నాన్న ఇంట్లో ఆ సంగతి ఎత్తనివ్వలేదు. మర్నాడు అమ్మ తన పెట్టెలోంచి ఒక పసుపురంగు పట్టుచీర తీసి నా చేతిలో పెట్టి, "నువ్వు వెళ్లు" అంది. బియ్యం బస్తాలతోపాటు నన్నూ పంపమని షావుకారును బతిమాలుకున్నాను.

ఓడ దిగిన ఊరు

పోర్ట్ లూయీ రేవులో నన్ను కలవడానికి వచ్చిన మనిషి పేరు అప్పన్నదాసు. నుదుట తిరునామం, మెడలో తులసిపూసలు, పైన గడ్డి టోపీ. ఆ నామానికీ ఆ టోపీకీ పొత్తు కుదరడం లేదని నాకు అనిపించింది గాని, అక్కడి ఎండలో ఒక రోజు తిరిగాక నేనూ ఒక టోపీ కొనుక్కున్నాను. ఆయన బాన్ అక్యూయ్ అనే ఊళ్లో రామభజన నడుపుతాడు. చెరకుతోటల్లో పని ముగిశాక పిల్లల్ని కూర్చోబెట్టి ఇసకలో తెలుగక్షరాలు దిద్దిస్తాడు. మంగ పెళ్లికి పెద్ద ఆయనే.

ఊరు చూస్తే నాకు మతిపోయింది. ఒక వీధిలో పరాసువాళ్ల ఫ్రెంచి మాటలు, ఇంకో వీధిలో భోజపురి, దానివెనక అరవం. అందరూ అందరితో మాట్లాడేది మాత్రం క్రియోల్. ఆ భాష దూరంనుంచి వింటే పాటలా ఉంటుంది. దగ్గరికెళితే నాకు ఒక్క ముక్క అర్థం కాలేదు. ఓడ ప్రయాణంతో నోరు చేదెక్కి, దారిలో చీనావాడి కొట్లో అడుగుపెట్టాను. చింతపండు కావాలని చేతులతో ఏవేవో సైగలు చేస్తున్నాను. అతను కాసేపు ఓపికగా చూసి, "సింతపండు కావాలా బావా?" అన్నాడు. నేను నిలువునా నిలబడిపోయాను. తెలుగువాళ్లందరినీ బావా అని పిలవాలని ఎవరో కొంటెవాడు అతనికి నేర్పాడట. అది పాతికేళ్ల కిందటి మాట. ఇప్పుడు మార్చినా జనం ఒప్పుకోరని అప్పన్నదాసు నవ్వాడు.

అక్కడ చెలామణీ అయ్యేదీ రూపాయే. కానీ అణాలు, దమ్మిడీలు లేవు, రూపాయికి నూరు సెంట్లు. మా రేవులో చవగ్గా దొరికే బియ్యం అక్కడ పిరియం. పంచదార మాత్రం మనం ఉప్పు వాడినట్టు వాడతారు. వీధిలో గాతో పిమా అని మిరపకాయ వడలు అమ్ముతారు. అవి మా అమ్మ చేసే పప్పువడలకు దూరపు చుట్టాలు. రొట్టె మధ్యలో పెట్టి తింటారు. వడను రొట్టెతో తినడమేమిటని మొదట ఏవగించుకున్నాను. రెండోసారి నేనే అడిగి తిన్నాను.

రాళ్లగుట్టల మధ్య రైలు

మహేబోర్గ్ వెళ్లే రైలు మొదట పైకెక్కుతుంది. ఎక్కినకొద్దీ చలి. నువెల్ ఫ్రాన్స్ వైపు కొండలమీద మంచు కమ్ముకుని, మాఘమాసమా మార్గశిరమా అన్న అనుమానం వచ్చింది. ఎటు చూసినా చెరకే. ఆ చెరకు మధ్యలో నల్లరాళ్లు గుట్టలు గుట్టలుగా పేర్చి ఉన్నాయి. కొన్ని మా ఊరి గాలిగోపురమంత ఎత్తు. ఇవేం గుళ్లని అడిగాను.

"గుళ్లు కావయ్యా," అన్నాడు అప్పన్నదాసు. "పొలంలో రాళ్లు. మనోళ్లు ఏరి పోసినవి. మా అమ్మ నన్ను కడుపులో పెట్టుకునీ మోసినాది. ఏ గుట్టలో ఏ రాయో తెల్దు గాని నాను ప్రతిదానికీ దణ్ణమెడతాను."

ఆయన నిజంగానే టోపీ తీసి దణ్ణం పెట్టాడు. మా ఎదుట బుట్టలో కోడిపెట్టను పెట్టుకుని కూర్చున్న ఒక నల్లజాతి ముసలమ్మ అది చూసి తానూ శిలువ గుర్తు వేసుకుంది. తర్వాత ఉడకబెట్టిన కర్రపెండలం ముక్క విరిచి నాకో సగం ఇచ్చింది. ఇద్దరం మాట్లాడుకోకుండానే మహేబోర్గ్ దాకా స్నేహితులం అయ్యాం. దిగేటప్పుడు ఆ కోడిపెట్ట నా కొత్త టోపీని పొడిచి చిల్లు చేసింది.

మహేబోర్గ్‌లో సంతరోజు. ఒక గంపనిండా మునగాకు కనిపించింది. అమ్మే ఆమె తెలుగావిడే. చేతిమీద పచ్చబొట్టు ఉంది. "మునగాకు ఎలా?" అని అడిగితే తెల్లబోయింది. "బ్రేద్ మురుం" అన్నాడు అప్పన్నదాసు. "ఆఁ, బ్రేద్ మురుం!" అని ఆమె ముఖం విప్పారింది. ఆకు అదే. పేరు మాత్రం దారిలో ఎక్కడో మారిపోయింది. మేము బండెక్కేసరికి వాన మొదలైంది. ఆ వాన పెళ్లినాటికి గాని పూర్తిగా వెలవలేదు.

గెడ్డగట్టు

మా ఉత్తరాది యాసలో వాగును గెడ్డ అంటాం. అత్త ఉండే ఊరు పక్కన సముద్రం ఒక సన్నటి పాయగా భూమిలోకి చొచ్చుకొచ్చింది. రెండువైపులా నల్లరాతి గట్లు, గట్లమీద సరుగుడు చెట్లు. బయట పగడపు దిబ్బలమీద అలలు హోరుమంటుంటాయి. పాయలో మాత్రం చప్పుడు ఉండదు, అల ఉండదు, పళ్లెంలో పోసినట్టు ఉంటుంది నీరు. అందుకే మనవాళ్లు దానికి నిద్దర గెడ్డ అని పేరుపెట్టారు. ఆ పేరుకి ఇంకో కారణం కూడా ఉంది. అది నాకు తర్వాత తెలిసింది.

అత్త గడపలో నిలబడి ఉంది. పొట్టి మనిషి. జుట్టు ముగ్గుబుట్ట. చెరకాకు కోసిన గీతలు మోచేతులదాకా ఉన్నాయి. దగ్గరికొచ్చి నా గడ్డం పట్టుకుని ముఖం అటూ ఇటూ తిప్పింది.

"ముక్కు మా అన్నదే," అంది. "ఒచ్చినావా అల్లుడా? కాళ్లు కడుక్కో. ఆకలేస్తన్నాదా?"

మా ఊళ్లో ఇప్పుడు బాగా ముసలివాళ్లు మాత్రమే మాట్లాడే తెలుగు అది. ఇల్లు వదిలిననాటి మాటలు ఆవిడ నోట్లో అలాగే ఉండిపోయాయి. పక్కనే మంగ నవ్వుతూ నిలబడి ఉంది. బలమైన పిల్ల. తెలుగులో మొదలుపెట్టిన మాట క్రియోల్‌లో ముగిస్తుంది. "మామా, ఓడలో మలాద్ అయినావా?" అంది. జబ్బు చేసిందా అని ప్రశ్న. చీర చూపిస్తే అత్త దాన్ని ముఖానికి ఆనించుకుని వాసన చూసింది. మా వదిన పెట్టెలో ఇప్పటికీ సంపెంగలు వేస్తుందా అని అడిగింది. మా నాన్న గురించి ఒక్క మాట అడగలేదు. పోయాడని, నేను బయల్దేరేముందు అప్పన్నదాసుకి రాసిన ఉత్తరంలో చదివించుకుని ఉంటుంది.

మర్నాడు వంటకి నీళ్లు తెమ్మని నాకు కుండ ఇచ్చారు. నుయ్యి ఎక్కడని అడిగితే మంగ గెడ్డవైపు చెయ్యి చూపించింది. వేళాకోళం అనుకున్నాను. గెడ్డ అడుగున రాళ్ల సందుల్లోంచి మంచినీటి ఊటలు పైకి తన్నుకొస్తాయట. మంచినీరు తేలిక కాబట్టి పైన తేలుతుంది, ఉప్పునీరు బరువు కాబట్టి కింద ఉంటుంది. గాలి లేని గెడ్డ కావడంతో రెండూ కలవకుండా మీగడా పాలూలా పొరలుగా నిలబడతాయి. కుండను పక్కకి వంచి పైపైన ముంచితే తీపి. నిలువుగా ముంచితే ఉప్పు. నాకు ఇదంతా నవ్వుతూ చెప్పారు, నేను నవ్వుతూ విన్నాను, వెళ్లి మా నూతిలో ముంచినట్టే బుడుంగుమని నిలువుగా ముంచి తెచ్చాను.

ఆ రోజు అన్నం ఎవరూ తినలేకపోయారు. "సముద్రాన్ని వొండి పెట్టినావురా అల్లుడా," అని అత్త కడుపు పట్టుకుని నవ్వింది. ఊళ్లో పిల్లలు నన్ను చూసినప్పుడల్లా చేత్తో కుండ ముంచినట్టు అభినయించేవాళ్లు. సాయంత్రానికి ఆ విద్య పట్టుబడింది. కుండ వంచి ముంచుకుని తాగి చూశాను. చల్లగా, కమ్మగా ఉంది. చెయ్యి మోచేతిదాకా పెడితే మాత్రం కింద గోరువెచ్చన తగిలింది. ఒకే నీళ్లలో వేళ్లకి ఒక కాలం, మోచేతికి ఒక కాలం. వలవేస్తే ఏటిరొయ్య, సముద్రపు చేప ఒకే విసురులో వస్తాయి. ఇంతకంటే వింత నేను జన్మలో చూడలేదు.

పెళ్లి పడవ

మా వైపు పెళ్లి మగపెళ్లివారింట జరుగుతుంది. అక్కడా అదే ఆచారం. పెళ్లికొడుకు నారాయుడు గెడ్డ అవతలి తోటలో పనిచేస్తాడు. చుట్టు తిరిగివెళ్లే దారిలో ఏరు పొంగి కాలిబాట కొట్టుకుపోయింది. అందుకని పెళ్లిరోజు పొద్దున్నే పడవ సిద్ధం చేశారు. అప్పన్నదాసు ముందురోజే అవతలికి వెళ్లి ఉన్నాడు.

పడవ ఎమిలియన్ అనే ముసలి జాలరిది. ఊరంతా అతన్ని తోంతోన్ అంటారు, మన బాబాయిలాగ. అతను పడవ విప్పబోతూ ఆగి, నీళ్లలో వేలు ముంచి నాలికమీద పెట్టుకున్నాడు. తల అడ్డంగా ఊపాడు.

"దిలో పే దొర్మి," అన్నాడు.

"నీళ్లు పడుకున్నాయంట," అని మంగ నాకు చెప్పింది. "వాన ఎక్కువ పడినాక అలాగే పడుకుంటాయి మామా. మెల్లగా పోవాలి."

ముహూర్తం దగ్గరపడుతోంది. పసుపు చీర కట్టుకుని మంగ, ఆమె పక్కన అత్త, పళ్లేలతో ఇద్దరు ముత్తయిదువలు, నేను ఎక్కాం. గాలి లేదు. మబ్బు విడిపోయి ఎండ కాస్తోంది. తొందరగా చేరాలని నేనూ ఒక తెడ్డు అందుకుని గట్టిగా వేశాను. గెడ్డ సగం దాటాం. అక్కడ పడవ ఆగిపోయింది.

ఇసక తగిలిందనుకుని తెడ్డు దించి చూశాను. అడుగు అందలేదు. లోతుగా ఉంది. తెడ్డు వేస్తే నీరు కదులుతోంది, పడవ కదలడం లేదు. వెనకనుంచి ఎవరో కొంగు పట్టుకుని లాగుతున్నట్టుంది. పడవ వెనక నీరు ముడతపడి, ఆ ముడత మాతోపాటే నిలబడి ఉంది.  ఇంకా గట్టిగా వేయబోతే ఎమిలియన్ నా తెడ్డుమీద చెయ్యి వేసి ఆపాడు. "దాన్ దిలో ఎనా ఎన్ లొత్ దిలో," అన్నాడు నెమ్మదిగా.

నీళ్లలో ఇంకో నీళ్లున్నాయని అర్థం. మంగ దాన్ని తన తెలుగులో విడమర్చి చెప్పింది. మనం పైనీటిమీద తెడ్డు వేస్తే కింది ఉప్పునీటిలో అల లేస్తుంది. ఆ అల పడవను పట్టుకుంటుంది. ఎంత బలం పెడితే అంత గట్టిగా పట్టుకుంటుంది. ఆటు మారి బయటి సముద్రం లోపలికి వచ్చేదాకా ఊరుకోవడం తప్ప దారి లేదు. దానికి నిద్దర గెడ్డ అనే పేరు ఊరికే రాలేదు.

అవతలి గట్టునుంచి మమ్మల్ని చూస్తున్న నారాయుడు ఆగలేకపోయాడు. పెళ్లిబట్టలతోనే ఒక చిన్న దోనె ఎక్కి, మావైపు దబదబా తెడ్డు వేసుకుంటూ బయల్దేరాడు. ఆ వేగానికి కేక అందేంత దూరంలో అతని దోనె కూడా ఆగిపోయింది. అతను ఇంకా గట్టిగా వేయసాగాడు. దోనె ఒరుగుతోంది. మంగ లేచి నిలబడింది.

"నారాయన్! పా రమే! పా రమే!" అని గొంతెత్తి అరిచింది. తెడ్డు వెయ్యకు అని.

ముత్తయిదువలు నోళ్లు నొక్కుకున్నారు. "ఒలే, మొగుణ్ణి పేరెట్టి పిలుస్తావేటే?" అంది అత్త.

"ఇంకా మొగుడు అవలేదు కదా మామ్మా," అని మంగ కూర్చుంది. నారాయుడు మాత్రం తెడ్డు ఒళ్లో పెట్టుకుని బుద్ధిగా కూర్చున్నాడు. ఆ కాపురం ఎలా సాగుతుందో నాకు అప్పుడే తెలిసిపోయింది.

అవతల గట్టున అప్పన్నదాసు భజన ఎత్తుకున్నాడు. తాళాల చప్పుడు నీటిమీదుగా పల్చగా వినిపిస్తోంది. మిగతా అంతా నిశ్శబ్దం. అత్త నావైపు తిరిగింది.

"అల్లుడా, ఒక మాట అడుగుతాను. దాయకుండా సెప్పు."

"అడుగు అత్తా."

"మా అన్న నాకు నీళ్లొగ్గేసినాడని ఓడలమీద ఒచ్చినోళ్లు ఎప్పుడో సెప్పినారు. నిజమేనా?"

చుట్టూ నీళ్లు. లేచి అవతలికి పోవడానికి చోటు లేదు, మాట మార్చడానికి ముఖం చెల్లలేదు. బతికున్న చెల్లెలికి నాన్న తిలోదకాలు వదిలేసిన సంగతి ఓడెక్కే ముందు అమ్మ నాకు చెప్పింది.

"నిజమే అత్తా. నువ్వు వెళ్లిన కొన్నాళ్లకే."

"తర్వాత?"

"ఏటా పెద్దల అమావాస్యకి తాతకీ నాయనమ్మకీ ఆకులు పరిచి స్వయంపాకం ఇచ్చేటప్పుడు నీ పేరున కూడా ఒక ఆకు వేస్తాం. నేను చిన్నప్పటినుంచీ ఆ ఆకు చూస్తూనే పెరిగాను. నువ్వు పోయావనే అనుకున్నాను."

అత్త నీళ్లకేసి ముఖం తిప్పుకుంది. ఏడుస్తుందనుకున్నాను.

"ఆకులో ఏటేటి ఏస్తారు?"

"బియ్యం, పప్పు, చింతపండు, గుమ్మడికాయ ముక్క..."

"గుమ్మడికాయా?" చటుక్కున తలెత్తింది. "నాకు గుమ్మడికాయ పడదని మా అన్నకి తెల్దా? తింటే ఒళ్లంతా దురద. చిన్నప్పుడు మా అమ్మ తిడతాదని, నా ఆకులో ముక్కలు ఆడే తీసుకు తినేసీవోడు. తెలిసీ ఎలగేసినాడురా?"

 ఆవిడ పడవ అంచుమీదకి వంగి, అరచెయ్యి వంచి పైపైన నీళ్లు తీసుకుని తాగింది. మళ్లీ తీసుకుని తాగింది. తర్వాత తడిచేతితో నోరు తుడుచుకుని, "సచ్చినదానికి ఇంత దాహమేస్తాదేట్రా?" అని నవ్వింది. నవ్వుతూనే ఏడ్చింది. తెలుగు సగమే అర్థమయ్యే మంగ కంగారుపడి, "కిన్ ఆరివే, మామ్మా?" అని ఆవిడను పట్టుకుంది.

"ఏటీ అవలేదమ్మా. మా అన్న గుర్తొచ్చినాడు." తను ఇంటిపేరూ ఊరూ వదిలి వచ్చేసినా, తనకి నీళ్లు వదిలినవాణ్ణి ఆవిడ అన్న అనే పిలిచింది. నేను ఆవిడ చెయ్యి పట్టుకున్నాను. 

ఇంతలో ఒక ముత్తయిదువ సూర్యుణ్ణి చూసి, "ముహూర్తం దాటిపోనాదమ్మా" అని దిగులుపడింది.

అత్త కళ్లు తుడుచుకుంది. "పోనీ. నా పెళ్లికేటి ముహూర్తం? మిల్లు కూత ఆగినాక, దిమాన్ష్ నాడు, సర్దారు సెలవిస్తే అయినాది. ముసిలోడు కన్నుమూసేదాకా ఒక్క పూట ఎడం లేకుండా కాపురం సేసినాను." దిమాన్ష్ అంటే ఆదివారం, సర్దారంటే కూలీల మేస్త్రీ. ఆ దీవిలో మనవాళ్ల పెళ్లిళ్లన్నీ ఆదివారాలే. పంచాంగంలో ఏముంటే ఏం, సెలవు ఆ ఒక్క రోజే.

ఎమిలియన్ ముక్కు ఎగరేసి గాలి వాసన చూశాడు. గెడ్డ సముద్రంలో కలిసే మొగనుంచి సన్నటి నురగచార ఒకటి మావైపు వస్తోంది. అది పడవను తాకగానే వెనకనున్న ముడత చెదిరిపోయింది. బురదలో కునుకు తీసి లేచిన గేదెలాగా పడవ ఒకసారి ఒళ్లు విదిలించుకుని కదిలింది. ఆ పక్కన నారాయుడి దోనె కూడా కదిలింది. ఇద్దరూ ఒకరి పక్కన ఒకరు గట్టుకు చేరారు. పెళ్లికిముందు వధూవరులు ఒకరినొకరు చూసుకోకూడదన్న ముచ్చట ఎవరికీ గుర్తురాలేదు.

అవతలి గట్టు

ఇక నా పని వచ్చింది. పడవనుంచి పీటలదాకా మేనకోడల్ని నేనే ఎత్తుకెళ్లాలి. నేను జీవితంలో కలంకంటే బరువైంది మోసినవాణ్ణి కాను. మంగ చెరకు నరికి కట్టలు మోసే పిల్ల. ఎత్తుకున్నాను, రెండడుగులు వేశాను, బురదలో కాలు జారింది. ఇద్దరం మొలలోతు నీళ్లలో కూలబడ్డాం.  మంగ పకపకా నవ్వింది. దాంతో గట్టంతా నవ్వింది.

"మంగళస్నానం ఇంకోసారి అయినాది!" అని అప్పన్నదాసు కేకేశాడు.

నారాయుడు సాయం చేద్దామని నీళ్లలోకి దూకాడు. "ఆగవయ్యా," అన్నాను రొప్పుతూ. "ఇంకా నా పిల్లే." మళ్లీ ఎత్తుకున్నాను. ఈసారి పడలేదు. పీటలమీద కూర్చోబెట్టి, పక్కకి వచ్చి పంచె అంచు పిండుకున్నాను. అత్త నన్ను చూసిన చూపు మాత్రం నాకు చాలాకాలం జ్ఞాపకం ఉంటుంది.

జీలకర్ర, బెల్లం చీనావాడి కొట్టువి. ఊళ్లో కంసాలి లేనందువల్ల తాళిబొట్టు ఒక ముసల్మాను పనివాడు చేశాడట. ముసలివాళ్లు పెళ్లిపాటలు పాడుతుంటే వయసు ఆడపిల్లలు అర్థం తెలియకపోయినా వెంట పాడారు. ఒక్క రాగం తప్పలేదు. అరిటాకుల్లో అన్నం, కందిపప్పు, మునగాకు, టమాటాలతో చేసే పులుసులాంటి రుగాయ్ వడ్డించారు. ఎమిలియన్ తన జాలరి స్నేహితులతో మా పంక్తిలోనే కూర్చుని, చేత్తో తిని, తర్వాత వాళ్ల మేకతోలు తప్పెట తెచ్చి వాయించాడు. మా ఊళ్లో అయితే పంక్తి దగ్గర ఎన్ని లెక్కలు వేసేవాళ్లో తలుచుకున్నాను. అక్కడ ఎవరూ ఏ లెక్కా వేయలేదు. ఆకులు చాలవేమోనన్న బెంగ ఒక్కటే.

అత్త నన్ను సాగనంపడానికి మహేబోర్గ్ స్టేషనుదాకా వచ్చింది. దారి పొడుగునా మా అమ్మకి ఏమేం చెప్పాలో చెబుతూనే ఉంది. కోడిపిల్లలు ఎన్ని బతికాయో కూడా చెప్పమంది. రైలు కూసేటప్పుడు, "మన ఊరు రా అత్తా, నేను తీసుకెళతాను" అన్నాను.

"నాను ఒస్తే మీ ఊరోళ్లు దెయ్యమొచ్చినాదని పారిపోతార్రా," అని నవ్వింది. అంతలోనే, "మంగకి పురుడొస్తే ఎవరు సేస్తారు? గెడ్డ ఒగ్గి రాలేను. నివ్వు ఒచ్చినావు, సాలు" అంది. రైలు కదిలాక చూస్తే గడ్డి టోపీలు, చెరకుకట్టల మధ్య ఆవిడ పొట్టిగా, నిటారుగా నిలబడి ఉంది.

అమావాస్యనాడు

నేను తిరిగొచ్చాక అమ్మ అన్నీ అడిగి చెప్పించుకుంది. తీపి సముద్రం సంగతి నమ్మలేదు. పడవలో సంగతి ఒక్కటీ రెండుసార్లు చెప్పించుకుంది. 

వానాకాలం పోయి పెద్దల అమావాస్య వచ్చింది. పంతులుగారు వచ్చి కూర్చున్నారు. అమ్మ ఎప్పటిలాగే ఆకులు పరిచి బియ్యం, పప్పు, కూరలు సర్దింది. తాతకి, నాయనమ్మకి, నాన్నకి. చివర అత్తకి. నేను గుమ్మంలో నిలబడి చూస్తున్నాను. 

పంతులుగారు వరసగా పేర్లు చెప్పి, చివరి ఆకు దగ్గరికి వచ్చి, "పైడమ్మగారి పేరున..." అన్నారు.

"ఆవిడ బతికే ఉంది పంతులుగారూ," అంది అమ్మ. "నా కొడుకు చూసొచ్చాడు."

పంతులుగారు కళ్లజోడు సవరించుకున్నారు. "మరి ఇన్నేళ్లూ ఇచ్చినవో?"

"మీకు అరిగే ఉంటాయి లెండి," అని అమ్మ ఆ ఆకు తన ముందుకి లాక్కుంది. బియ్యం, పప్పు తీసి లోపల ఎసట్లో పోయమని నాకిచ్చింది. ఖాళీ ఆకు మీద గుమ్మడికాయ ముక్క ఒక్కటి మిగిలింది. అమ్మ దాన్ని చేతిలోకి తీసుకుంది. తర్వాత పక్కకి జరిగి, నాన్న ఆకులో వేసింది.